పన్నెండు లీటర్ల గాలి

గోడలు రెండు పొరలు కట్టించాం, నడుమ ఖాళీ.
మిద్దె మీద తెల్ల సున్నం.
కిటికీలకు జంట అద్దాలు, అంచులకు రబ్బరు.
"ఈ ఇంట్లోకి సీమైనా దూరదమ్మా," అన్నాడు మేస్త్రీ.
నిజమే, చీమ దూరలేదు.
కరెంటు బిల్లు సగమైంది.
శ్రావణంలో అల్మరా వెనక
బూజు మాత్రం వచ్చింది,
గృహప్రవేశానికి పిలవని చుట్టంలా
గోడంతా తనదే అన్నట్టు.

జాడీలో ఉప్పు గడ్డకట్టింది.
అప్పడం పళ్ళెంలోనే వంగి దణ్ణం పెట్టింది.
బీరువాలో సన్న ఖాదీ మడతల మధ్య
తడిసిన గోనె వాసన.

ఏసీని నమ్ముకున్నాను.
అరగంటలో గది చల్లబడుతుంది,
ఇక పని లేక అది పడుకుంటుంది.
తేమకు నిద్ర లేదు.

పొందూరు ఖాదీ సంఘంలో చిట్టాలు రాస్తాను నేను.
చీపురు కొన్నా నడుమ గీత గీసి చూసే అలవాటు.
శ్రీకాకుళం నుంచి మూడు కాగితాలు తెచ్చుకున్నాను,
ఇల్లంతటికీ తేమ లాగే యంత్రాలవి.
మొదటిది రోజుకి నూరు లీటర్లు పిండుతుందట.
"పెద్దదే తీసీ," అన్నాడు మా ఆయన దాలినాయుడు,
సంతలో ఎద్దుని బేరమాడినట్టు.
ఎద్దుకైతే పళ్ళు చూస్తాం కదా!
అడుగున చీమ తలకాయలంత అక్షరాల్లో ఉంది
ఏ వేడిలో, ఎంత తేమలో కొలిచిన నూరో.
నేను చివరి గడికి పోయాను:
ఒక్క యూనిట్ కరెంటుకి ఎన్ని లీటర్లు?
పెద్దది ఒకటిన్నర దగ్గర ఆగింది.
అన్నిట్లోకీ చిన్నది మూడుకి దగ్గరగా ఉంది.

ఎలక్ట్రీషియన్ అసిరినాయుడు వచ్చాడు.
యంత్రం మాటే ఎత్తలేదు.
స్నానాల గదిలో ఫ్యాను వేసి
దాని ముందు అగరొత్తి పట్టుకున్నాడు.
పొగ అటు తిరిగి చూడలేదు.
"ముందు దీన్ని బాగుసేయించండి.
ఇంట్లో బట్టలారేయడం మానండి.
పడవకి సిల్లుంటే పూడుస్తారు గాని
తోడ్డానికి పెద్ద సెంబు కొంటారేటండీ?"

ఫ్యాను మారింది. బట్టల తీగ మిద్దెక్కింది.
మీటరు డెబ్బై ఎనిమిది నుంచి
డెబ్బైకి దిగింది.
నూరు లీటర్ల దాన్ని కొట్టేశాను.

మరి ఎంతకి దించాలి?
"నలభై," అన్నాడు దాలినాయుడు, బిగ్గరగా.

వీధి గదిలో చిన్నమ్మడు వడుకుతుంది.
వాలుగ చేప దవడతో పత్తి దువ్వి
కంటికానని పోగు లాగుతుంది.
"అంకెలు నాకేటి తెలుసు," అంది.
"మరీ ఎండితే తెగిపోద్ది.
మరీ తడైతే సేతికంటుకుంటాది."
మీటరు ఆమె పక్కన పెట్టాను.
"ఇయ్యాల ఎండుగుంది," అంది.
అరవై ఎనిమిది.
"అయితే నీ పెట్టి అబద్దమాడతంది."

దుకాణం వాడు ఒక గది యంత్రం
పది రోజులకి అరువిచ్చాడు.
రోజుకో అంకె మీద తిప్పాను.
పోగు తెగినప్పుడల్లా
చిట్టా అంచున ఒక చుక్క.
యాభై కిందికి దిగిన రోజుల్లో
చుక్కలు బారులు తీరాయి.
అరవై దాటిన రోజుల్లో
అల్మరా వెనక చుట్టం మళ్ళీ కదిలాడు.
యాభై ఐదు దగ్గర
కాగితం తెల్లగా ఉంది.

చిన్నదే కొన్నాం. మెట్ల కింద పెట్టాం.
ఇంట్లోకి కాస్త వేడి వదులుతుంది.
కాగితంలో ఆ మాట లేదు,
నా చిట్టాలో ఉంది.
మొదటి రోజు గొట్టం కింద బకెట్ పెట్టి కొలిచాను.
పన్నెండు లీటర్లు.
"ఇదంతా మనింట్లోనే ఉందేటే?"
వంగి చూశాడు దాలినాయుడు, గొంతు తగ్గించి.

ఉంది.
అన్నం ఆవిరి, ఆరని జుట్టు,
సిమెంటు ఇంకా దాచుకున్న నీళ్ళు,
రాత్రి మనం పోట్లాడిన ఊపిరి,
తలుపు తీసిన ప్రతిసారీ
ఉప్పు ఒడ్డునే వదిలేసి
కళింగపట్నం నుంచి నడిచొచ్చిన సముద్రం.
తాగడానికి పనికిరాదు.
కనకాంబరాలకు పోశాను.

మధ్యాహ్నం చిన్నమ్మడు
పోగుని వెలుగులోకి ఎత్తి పట్టింది,
మీటరు వైపు చూడలేదు.
అంకె నేనూ చెప్పలేదు.

రాత్రి భోజనాల దగ్గర
అప్పడం ఫట్‌మని విరిగింది.
ఖర్చులన్నీ రాశాను గాని
ఆ చప్పుడు ఏ గడిలో వేయాలో
ఇంకా తేలలేదు.